ఒకటి ముందు, ఒకటి తర్వాత ఎందుకు పగలాలి?

పోయిన నెల ఒక పాఠకుడు "బుద్ధుడు అన్నీ అనిత్యం అన్నాడు, అందులో కొత్తేముంది, మా అమ్మమ్మ కూడా అదే అనేది" అని రాస్తే నాలుగు లైన్లలో జవాబిచ్చి వదిలేశాను. అది చాల్లేదని వరసగా ఉత్తరాలు వచ్చాయి. నిజమే, చాలదు. అందుకే ఈ నెల మొత్తం ఆ ఒక్క విషయానికే ఇస్తున్నాను.

ప్రశ్న: నమస్తే అండీ. మూడేళ్ళుగా ఒక ఫాంటసీ నవల రాస్తున్నాను. అందులో ఒక రాజ్యం ఉంది. రాజు చెప్పిన ప్రతి మాటా రాతి మీద చెక్కుతారు, రాతి మీద లేనిది జరగనట్టే లెక్క. లోకం ఎప్పటికీ మారదని అక్కడి గురువులు నేర్పుతారు. వాళ్ళకి ఎదురు తిరిగిన చిన్న గుంపు ఒకటి పెట్టాను, పేరు 'నిలవనివాళ్ళు'. ఏదీ ఒక్క క్షణం మించి ఉండదని వీళ్ళ సిద్ధాంతం. పేరు బాగుందన్నారు గానీ చదివిన ఫ్రెండ్స్ అందరిదీ ఒకటే మాట, వీళ్ళు ఎప్పుడు చూసినా ఏట్లో పువ్వులు వదులుతూ నిట్టూరుస్తూ ఉంటారు, నిజం మనుషుల్లా లేరు అని. ఇలాంటి వాళ్ళు నిజంగా ఎక్కడైనా ఉండేవారా? ఉంటే దేని గురించి కొట్లాడుకునేవారు? (మాచర్ల నుంచి ఒక పాఠకురాలు)

జవాబు: మీ ఊరి పేరు చూశాక మిగతా ఉత్తరాలు పక్కన పెట్టాను. మీరు ఊహించి రాస్తున్న మనుషులు మీ ఇంటికి గంట దూరంలో నిజంగా బతికారండీ. నాగార్జునకొండ లోయలో, అక్కడి నుంచి కృష్ణ వెంబడి కిందికి వస్తే అమరావతి పక్కన ధరణికోటలో. పాలీ భాషలోని బౌద్ధ గ్రంథాలు ఈ భిక్షువుల్ని కలిపి అంధకులు అంటాయి, అంటే మన ఆంధ్ర ప్రాంతం వాళ్ళు. అందులో నాలుగు శాఖలు: పూర్వశైలీయులు, అపరశైలీయులు, రాజగిరికులు, సిద్ధార్థికులు. శైలం అంటే కొండ. తూర్పు కొండ వాళ్ళు, పడమటి కొండ వాళ్ళు, అంతే. పేర్లు ఇంత మామూలుగా ఉన్నా, ఆ రెండు కొండల వాళ్ళు చెప్పిన మాట మాత్రం మామూలుది కాదు. ఉన్నవన్నీ ఒక్క చిత్తక్షణమే ఉంటాయి అన్నారు, అంటే మనసులో ఒక తలపు పుట్టి పోయేంత సేపు.

ఈ వాదం 'కథావత్థు' అనే పాలీ గ్రంథంలో ఉంది. అశోకుడి కాలంలో పాటలీపుత్రంలో జరిగిన మూడో సంగీతిలో, అంటే భిక్షువుల మహాసభలో, మొగ్గలిపుత్త తిస్స చెప్పిన గ్రంథమని సంప్రదాయం. రెండొందలకు పైగా వాదాలున్నాయి, అన్నీ అవతలివాళ్ళ పొరపాట్లు దిద్దడానికే. ఏ పొరపాటు ఎవరిదో చెప్పేది మాత్రం 5వ శతాబ్దంలో బుద్ధఘోషుడి పేరు మీద వచ్చిన వ్యాఖ్యానం. 22వ అధ్యాయంలో మన వాళ్ళ మాట వస్తుంది. థేరవాది, అంటే పాత పెద్దల సంప్రదాయం తరఫున మాట్లాడేవాడు, అడుగుతాడు: అన్నీ ఒక్క చిత్తక్షణమే అంటున్నావు, అయితే ఈ మహాపృథివి, మహాసముద్రం, మేరుపర్వతం, నీరు, నిప్పు, గాలి, గడ్డి, కట్టె, చెట్లు ఇవన్నీ చిత్తంలోనే నిలబడి ఉన్నాయా? అలా అనలేను అంటాడు అవతలివాడు. ఇంకొన్ని ప్రశ్నలు నడిచాక ఆఖర్న అతను తిప్పి అడుగుతాడు: పోనీ, అన్నీ నిత్యమా, ధ్రువమా, ఎప్పటికీ మారనివా? అలా అనలేను అంటాడు థేరవాది. మరైతే అన్నీ ఒక్క క్షణానివే కదా!

వాళ్ళ పట్టుదలంతా వ్యాఖ్యానంలో ఒక్క మాటలో దొరుకుతుంది. అనిత్యం అనేది అన్నిటికీ సమానమైనప్పుడు, ఒకటి తొందరగా పగలాలి ఒకటి ఆలస్యంగా పగలాలి అనే నియమం ఎక్కడిది?

ఈ ప్రశ్న దగ్గర కాసేపు ఆగండి, మీ నవల మొత్తం ఇందులోంచి రావచ్చు. కుండ ఇవాళ పగిలింది, కొండ ఇంకా ఉంది అంటాం. కొండకి కూడా పగిలే గుణం ఉంటే, ఆ గుణం ఇన్నాళ్ళూ ఏం చేస్తున్నట్టు, ఎవరి కోసం ఆగినట్టు? సుత్తి దెబ్బ పడేదాకా ఆగిందంటారా, అప్పుడు పగిలే గుణం కొండది కాదు, సుత్తిది అవుతుంది. కాబట్టి పోవడం అనేది వస్తువులోనే, పుట్టుకతోనే ఉండాలి, ఉంటే వెంటనే పని చెయ్యాలి. కొండ నిలబడి ఉన్నట్టు కనిపిస్తోందంటే క్షణక్షణం పోతూ, అలాంటిదే ఇంకోటి పుడుతూ ఉండటం వల్ల. తర్వాతి బౌద్ధ ఆచార్యుడు వసుబంధుడు కూడా తన అభిధర్మకోశ భాష్యంలో ఈ దారినే నడిచాడు, నాశనానికి బయటి కారణం అక్కర్లేదన్నాడు. ఈ మాటల్లో నిట్టూర్పు ఎక్కడుందండీ? ఇది లెక్క తేలేదాకా వదలని మనుషుల మాట. మీ నిలవనివాళ్ళ చేతుల్లోంచి ముందు ఆ పువ్వులు తీసెయ్యండి, వాళ్ళని వాదించనివ్వండి.

ఇంకొకటి, నాకు ఇది చాలా ముఖ్యం. థేరవాదులు కూడా అన్నీ అనిత్యమే అంటారు. వాళ్ళ అభిధర్మ (బౌద్ధ తత్త్వ విశ్లేషణ) వ్యాఖ్యానాల లెక్కలో భౌతిక పదార్థం 17 చిత్తక్షణాలు నిలుస్తుంది. మన కొండల వాళ్ళ లెక్కలో ఒక్కటి. ఒకటా పదిహేడా, గొడవ అక్కడ! బయటి నుంచి చూస్తే రెండూ ఒకటే, కళ్ళార్పే లోపు గడిచిపోయే సంగతి. కానీ లోపలున్నవాళ్ళకి అదే ప్రాణం, ఎందుకంటే పదిహేడు అని ఒప్పుకుంటే వస్తువు కాస్త సేపైనా 'ఉంటుంది' అని ఒప్పుకున్నట్టే. మీ రాజ్యంలో గురువులు లోకం అస్సలు మారదంటారు కాబట్టి ఎవరు తప్పో పాఠకుడికి మొదటి పేజీలోనే తెలిసిపోతుంది. గురువులు కూడా అన్నీ పోయేవే అని ఒప్పుకునేవాళ్ళైతే? ఒప్పుకుని, రాతికి మాత్రం కాస్త గడువు ఇస్తే? అప్పుడు నిలవనివాళ్ళు అడిగేది ఆ గడువు గురించే. రాజు శాసనం అంతా ఆ గడువు మీదే నిలబడి ఉంటుంది.

తిరుగుబాటు కూడా మీరు అనుకున్నంత దూరంలో లేదు. ఈ శాఖలన్నీ పెద్దల పక్షం నుంచి విడిపోయిన మహాసాంఘికుల సంతతి. అర్హతుడికి, అంటే నిర్వాణం పొందిన భిక్షువుకి కూడా తెలియనివి ఉండొచ్చు, సందేహం రావచ్చు, ఇంకొకరు చెబితే తెలుసుకోవలసి రావచ్చు అనే మాటల్ని కథావత్థు వ్యాఖ్యానం పూర్వశైలీయులకే కట్టింది. అన్నీ తెలిసిన పెద్దాయన ముందు నిలబడి, మీకూ తెలియనివి ఉంటాయండీ అనడం ఎంత పెద్ద మాటో ఉమ్మడి కుటుంబంలో పెరిగినవాళ్ళకి నేను చెప్పక్కర్లేదు. ఈ మాటకీ క్షణవాదానికీ ముడి ఉందని నా అభిప్రాయం. ఏదీ రెండో క్షణానికి మిగలదని నమ్మేవాడు, ఒక మనిషి ఇక నేర్చుకోవలసింది ఏమీ లేకుండా పూర్తయిపోయాడంటే అంత తేలిగ్గా నమ్మడు కదా.

ఆఖరి సంగతి. మనకి వీళ్ళ గురించి ఎక్కువగా తెలిసింది వీళ్ళని తప్పుపట్టినవాళ్ళ పుస్తకాల్లోంచే. దీన్ని కథలో వాడుకోండి. రాజ్యం వాళ్ళ గురువు ఒకాయన నిలవనివాళ్ళని ఖండిస్తూ రాసిన తాళపత్రం ఒకటి పెట్టండి. ఆయన నిజాయితీగలవాడై ఉండాలి, వాళ్ళ మాటని వంకరగా కాకుండా ఉన్నదున్నట్టు రాసి తర్వాత ఖండించాలి. మూడొందల ఏళ్ళ తర్వాత ఆ తాళపత్రం ఒక పిల్ల చేతిలో పడి, ఖండన వదిలేసి ప్రశ్న మాత్రం పట్టుకుంటే చాలు, నిలవనివాళ్ళు మళ్ళీ పుట్టినట్టే.

ప్రశ్న: నేను బ్యాంకులో అప్పుల వసూళ్ళు చూస్తాను. మనిషి కూడా క్షణక్షణం పోయి కొత్తవాడు పుడుతున్నాడంటే, అప్పు తీసుకున్నది ఒకడు, కట్టాల్సింది ఇంకొకడు అవుతాడు. ఇది ఒప్పుకుంటే లోకం నడుస్తుందా? (హైదరాబాద్)

జవాబు: ఇది రెండు వేల ఏళ్ళ నాటి ప్రశ్న, మీలాగే సూటిగా అడిగారు అప్పుడు కూడా. గ్రీకు రాజు మిళిందుడికీ నాగసేన భిక్షువుకీ జరిగిన సంవాదంలో ఒక మామిడిపళ్ళ దొంగ వస్తాడు. తోట యజమాని పట్టుకుంటే ఆ దొంగ, నువ్వు నాటిన కాయ వేరు, నేను కోసిన కాయలు వేరు, నీ కాయ నేను ముట్టుకోలేదు అంటాడు. శిక్ష పడాలా వద్దా అని నాగసేనుడు అడిగితే పడాల్సిందే అంటాడు రాజు, ఎందుకంటే ఈ కాయలు ఆ నాటిన కాయ వల్లే వచ్చాయి. అంతే జవాబు. అదే మనిషీ కాదు, వేరే మనిషీ కాదు, ఒకటి వల్ల ఒకటిగా సాగే వరస. దాన్నే సంతానం అన్నారు. రాత్రంతా వెలిగిన దీపంలో మొదటి జాములో మంట, ఆఖరి జాములో మంట ఒకటి కాదు, అలాగని రెండు దీపాలు వెలగలేదు. మీ బ్యాంకు పత్రం మీద సంతకం ఆ వరస పెట్టింది, ఆ వరసే కడుతుంది.

అయితే ఇక్కడితో అయిపోలేదు. నైయాయికులు, అంటే న్యాయశాస్త్రం వాళ్ళు, గట్టిగా పట్టుకున్నారు: నిన్న చూసిన కుండ ఇదే అని గుర్తుపడతాం కదా, అది ఎలా? బౌద్ధులు గోళ్ళు, జుట్టు చూపించారు. కత్తిరించాక మళ్ళీ పెరిగిన జుట్టుని కూడా అదే జుట్టు అంటాం, పోలిక చూసి ఒకటే అనుకుంటాం. 10వ శతాబ్దంలో నైయాయికుడు ఉదయనుడు ఆత్మతత్త్వవివేకం రాస్తే మొదట ఖండించడానికి ఎత్తుకున్నది ఈ క్షణభంగ వాదాన్నే. శంకరాచార్యులైతే బ్రహ్మసూత్ర భాష్యంలో జ్ఞాపకం దగ్గర పట్టుకున్నారు: చూసినవాడూ, అప్పుడు చూశాను అని గుర్తు చేసుకునేవాడూ ఒకడే కాకపోతే జ్ఞాపకం అనే మాటకే అర్థం లేదు. నా మటుకు జుట్టు జవాబు కుండ దాకా బాగానే పనిచేస్తుంది, 'నేను' దగ్గరికి వచ్చేసరికి బరువు మోయలేదు. కుండల పోలిక చూసి పొరబడటానికి చూసేవాడు ఒకడు ఉంటాడు. ఆ చూసేవాడే మారిపోయాడంటే పోలిక ఎవరు చూశారు? బౌద్ధులు దీనికీ జవాబులు ఇచ్చారు, శాంతరక్షితుడి దాకా, రత్నకీర్తి దాకా. చదివాను, ఇప్పటికీ పూర్తిగా ఒప్పుకోలేకపోతున్నాను.

మాచర్ల పాఠకురాలికి ఇక్కడ ఒక మాట. మీ నిలవనివాళ్ళలో ఇద్దరు పెళ్ళి చేసుకుంటే ప్రమాణం ఎలా చేస్తారో ఆలోచించారా? ఒక్కసారి చేస్తే చాలదు, చేసిన నోరే మిగలదు. రోజూ పొద్దున్నే మళ్ళీ చెప్పుకోవాలి. ఏదో ఒక రోజు ఒకరు చెప్పకుండా ఊరుకుంటారు.

ప్రశ్న: అనిత్యాన్ని అంత గట్టిగా నమ్మినవాళ్ళు అమరావతిలో అంత పెద్ద స్తూపం రాతితో ఎందుకు కట్టినట్టు? నా సర్వీసంతా పిల్లలకి చరిత్ర చెప్పాను, ఈ సందేహం మాత్రం తీరలేదు. (గుంటూరు, విశ్రాంత ఉపాధ్యాయుడు)

జవాబు: మాస్టారూ, ఈ సందేహం వాళ్ళ లోపల కూడా ఉంది. బౌద్ధ శాఖల సిద్ధాంతాల మీద వసుమిత్రుడు రాసిన చిన్న గ్రంథం చైనా భాషలో, టిబెటన్‌లో మిగిలింది. అందులో చైత్యశైలులు, అపరశైలులు, ఉత్తరశైలుల సిద్ధాంతం అని ఇచ్చిన వాటిలో ఒకటి చూడండి: స్తూపానికి పూజ చేస్తే పెద్ద ఫలం రాదు. చైత్యం అంటే స్తూపమే, పేరులోనే అది ఉన్నవాళ్ళు! అదే సమయంలో నాగార్జునకొండలో ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుడి 6వ ఏట, ఆయన మేనత్త శాంతిసిరి మహాచైత్యానికి స్తంభాలు ఎత్తించింది, అది అపరశైలీయ ఆచార్యుల అధీనంలోదని శాసనాలే చెబుతున్నాయి. అంటే పెద్దగా ఫలం లేదని చెప్పేవాళ్ళ చేతికే జనం స్తూపం ఇచ్చారు, వాళ్ళూ తీసుకున్నారు.

దీన్ని మోసం అనుకోను. సిద్ధాంతం భిక్షువులది, రాయి ఇచ్చింది ఊళ్ళో వాళ్ళు. అమరావతిలో నాగుడనే ఉపాధ్యాయుడి కొడుకు విధికుడు, వృత్తికి చర్మకారుడు, తన తల్లి, భార్య, అన్నదమ్ములు, పిల్లలు అందరి పేరునా పూర్ణఘటం చెక్కిన ఒక పలక ఇచ్చాడు. ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర చిహ్నంలో ఉన్నది ఆ అమరావతి పూర్ణఘటమే. విధికుడికి చిత్తక్షణాల లెక్కతో పనేముంది, అమ్మ పేరు ఒక మంచి చోట ఉండాలనుకున్నాడు. మాచర్ల పాఠకురాలి కథలో నిలవనివాళ్ళకి అన్నం పెట్టే ఊరివాళ్ళు ఎక్కడా కనబడలేదు. వాళ్ళని కూడా తీసుకురావాలి, వాళ్ళు లేకుండా ఏ శాఖా ఒక్క వర్షాకాలం కూడా గడపలేదు.

ఆ రాయి ఏమైందో మీరు పిల్లలకి చెప్పే ఉంటారు. 7వ శతాబ్దంలో చైనా యాత్రికుడు యువాన్ చ్వాంగ్ ధాన్యకటకం (ఇప్పటి ధరణికోట) వచ్చేసరికే తూర్పు కొండ, పడమటి కొండ విహారాలు మనుషుల్లేక పడి ఉన్నాయి. అయినా ఆయన అక్కడ కొన్ని నెలలు ఆగి, ఇద్దరు భిక్షువుల దగ్గర మహాసాంఘికుల అభిధర్మం చదువుకున్నాడు. విహారం పోయినా పాఠం చెప్పేవాళ్ళు ఉన్నారన్నమాట. 18వ శతాబ్దం చివరికి స్తూపం ఒట్టి దిబ్బ, దీపాలదిన్నె అనేవారు. అక్కడి రాళ్ళు కొన్ని కొత్త కట్టడాలకి పోయాయి, కొన్ని సున్నం బట్టీల్లో కాలాయి. మిగిలినవాటిలో కొన్ని చెన్నై మ్యూజియంలో, కొన్ని లండన్ బ్రిటిష్ మ్యూజియంలో ఉన్నాయి. నాగార్జునకొండ లోయలో 1954 నుంచి 1960 వరకు తవ్వకాలు చేసి, కొన్ని కట్టడాలని ఇటుక ఇటుకా పైకి మోసి కొండ మీదా, అనుపులోనూ మళ్ళీ పేర్చారు. మిగతా లోయ సాగర్ నీళ్ళ కింద ఉంది. లాంచీలో కొండకి వెళ్ళినప్పుడల్లా నేను రెయిలింగ్ దగ్గర నిలబడి కిందికి చూస్తాను. ఆ నీళ్ళే పల్నాటి పొలాలకి వెళ్తాయి. ఒకటి ముందు ఒకటి తర్వాత ఎందుకు పగలాలి అని వాదించుకున్న ఆ లోయ ఈ నీళ్ళ అడుగునే ఉంది అనుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు జలదరిస్తుంది.

ప్రశ్న: ఈ క్షణవాదమూ, అద్వైతంలో మాయా ఒకటే కదా? (రాజమండ్రి)

జవాబు: కాదండీ. మారేది నిజం కాదు, మారనిది ఒకటుంది, అదే నిజం అంటుంది అద్వైతం. వీళ్ళు అటు తిరిగి నిలబడ్డారు. తర్వాతి బౌద్ధ తార్కికులు దీన్ని సూత్రంలా చెప్పారు: యత్ సత్ తత్ క్షణికం, యథా జలధరః. ఏది ఉన్నదో అది క్షణికం, మేఘంలాగా. ఉండటం అంటే ఏదో ఒక పని చెయ్యడం, ఎప్పటికీ మారనిది ఏ పనీ చెయ్యలేదు, కాబట్టి అది లేనే లేదు అని వాళ్ళ వాదన. మారేదే నిజం. రెండింటినీ ఒకటి చేస్తే ఇద్దరికీ అన్యాయం చేసినట్టే.

ప్రశ్న: మా నాన్న పోయి రెండు నెలలైంది. ఆరేళ్ళు మంచం మీద ఉన్నారు, నేనే చూసుకున్నాను. వచ్చినవాళ్ళందరూ ఏదీ శాశ్వతం కాదమ్మా అంటున్నారు. ఆ మాట వింటే నాకు ఓదార్పు రావట్లేదు, కోపం వస్తోంది. పోయిన నెల మీ జవాబు చదివినా అదే కోపం వచ్చింది. (ఖమ్మం)

జవాబు: మీ కోపం న్యాయమైనదమ్మా. మా అమ్మ పోయినప్పుడు నాకూ అదే మాట అన్నారు, అన్నవాళ్ళ ముఖాలు ఇప్పటికీ గుర్తున్నాయి. పోయిన నెల నేను ఆ నాలుగు లైన్లు రాసినప్పుడు, చదివేవాళ్ళలో మీలాంటివాళ్ళు ఉంటారని ఆలోచించలేదు. క్షమించండి.

ఒక్క సంగతి చెప్తాను. కుశీనగరంలో బుద్ధుడి ఆఖరి రోజు, ఆనందుడు విహారం లోపలికి వెళ్ళి తలుపు దగ్గర ఆనుకుని ఏడ్చాడు. పాతికేళ్ళు బుద్ధుడికి దగ్గరుండి సేవ చేసినవాడు, అనిత్యం గురించి చెప్పిన ప్రతి మాటా విన్నవాడు, కంఠతా పట్టినవాడు. అయినా ఏడ్చాడు. బుద్ధుడు అతన్ని పిలిపించి, ప్రియమైనవన్నీ విడిపోయేవే అని నేను ముందే చెప్పాను కదా అన్నాడు. జనం మనకి చెప్పేది ఇక్కడి దాకానే. కానీ బుద్ధుడు అక్కడ ఆగలేదు. ఆ వెంటనే, ఆనందా, నువ్వు చాలా కాలం నన్ను చేతలతో, మాటలతో, మనసుతో ప్రేమగా చూసుకున్నావు, చాలా పుణ్యం చేసుకున్నావు అని చెప్పాడు.

మీ ఇంటికి వచ్చినవాళ్ళు మొదటి సగం చెప్పి వెళ్ళిపోయారు. రెండో సగం మీతో ఎవరైనా అన్నారో లేదో మీ ఉత్తరంలో లేదు. అనకపోతే నేను అంటున్నాను. ఆరేళ్ళు, తల్లీ. మీ నాన్నగారిని చాలా కాలం, చాలా ప్రేమగా చూసుకున్నారు మీరు.